భాగహారానికి రెండు అర్థాలు: ఎస్జీటీ గణితంలో అర మార్కులు జారిపోయే చోటు

ప్రభుత్వ టీచర్ల నియామకానికి పెట్టే డీఎస్సీ ఫలితాలు వచ్చాయి, ఎస్జీటీ (సెకండరీ గ్రేడ్ టీచర్) మెరిట్ లిస్టులో పేరుంది. ఈ ఒక్క వాక్యం రాయగలిగితే ఎంత బరువు దిగుతుందో ఈ దారిలో ఉన్నవాళ్ళకి చెప్పక్కర్లేదు. "మ్యాథ్స్ ఎలా చదవాలి, మెథడాలజీకి ఏం చూడాలి" అని అడుగుతున్న మిత్రులందరికీ కలిపి ఒకే ఒక్క అంశం మీద రాస్తున్నాను. టీచర్ అర్హత పరీక్ష టెట్ పేపర్‌-1 గణితంలో కంటెంట్‌కి 24, పెడగాజీకి (బోధనా పద్ధతులకి, అదే మెథడాలజీకి) 6 మార్కులని, డీఎస్సీలో 160 బిట్లకి, అంటే ప్రశ్నలకి, 80 మార్కులని మీకు తెలిసిందే, ఆ వివరాల్లోకి వెళ్ళను. ఆ అంశం భాగహారం. "అది మూడో తరగతి పాఠం, దానికేం చదువుతాం" అని దాటేసే చోటే కంటెంట్ బిట్లూ పోతాయి, పెడగాజీ బిట్లూ పోతాయి.

12 ÷ 3 = 4. ఇందులో ఎవరికీ సందేహం లేదు. దీనికి ఒక కథ చెప్పమంటే మాత్రం రెండు వేరు వేరు కథలు వస్తాయి. 12 లడ్డూలు ముగ్గురు పిల్లలకి సమానంగా పంచితే ఒక్కొక్కరికి ఎన్ని? ఇది ఒకటి. 12 లడ్డూలు మనిషికి మూడేసి చొప్పున ఇస్తే ఎంతమందికి వస్తాయి? ఇది రెండోది. మొదటిది సమానంగా పంచడం, పార్టిటివ్ డివిజన్ అంటారు. రెండోది సమాన గుంపులు చేయడం, దీన్ని క్వొటిటివ్ అనీ మెజర్‌మెంట్ డివిజన్ అనీ అంటారు. పునరావృత వ్యవకలనం అన్న మాట కనిపిస్తే అది ఈ రెండో అర్థానికి చెందింది. 12లోంచి 3 తీసెయ్యి, మళ్ళీ 3 తీసెయ్యి, సున్నా వచ్చేదాకా ఎన్నిసార్లు తీశావో అదే జవాబు. మొదటి కథకి ఈ తీసివేత నేరుగా అతకదు, ఎందుకంటే ఒక్కొక్కరికి ఎన్ని ఇవ్వాలో ఇంకా తెలియదు కాబట్టి ఎంత తీయాలో కూడా తెలియదు. ఒక్కో విడతలో ముగ్గురికీ ఒక్కొక్కటి ఇచ్చాం కాబట్టి మూడు తీశాం అనుకుంటేనే అది కుదురుతుంది.

ఈ తేడా పట్టుకోవడానికి మనకి ఎక్కాల్లోనే మంచి ఆధారం ఉంది. తెలుగులో ఎక్కం వట్టి అంకెల వరుసలా ఉండదు, వాక్యంలా ఉంటుంది. "మూడు నాలుగులు పన్నెండు" అంటే నాలుగేసి ఉన్న గుంపులు మూడు. "నాలుగు మూళ్ళు పన్నెండు" అంటే మూడేసి ఉన్న గుంపులు నాలుగు. బహువచనంలో ఉన్న అంకె గుంపు సైజు, దాని ముందున్నది గుంపుల లెక్క. ఇప్పుడు భాగహార సమస్యని ఈ వాక్యంలో కూర్చోబెట్టండి. ముగ్గురు పిల్లల కథలో ఖాళీ ఎక్కడ? "మూడు ఎన్నులు పన్నెండు?" గుంపు సైజు తెలియదు, కాబట్టి పంచడం. మూడేసి చొప్పున అన్న కథలో "ఎన్ని మూళ్ళు పన్నెండు?" గుంపుల సంఖ్య తెలియదు, కాబట్టి గుంపులు చేయడం. ఏ సమస్య ఇచ్చినా ఖాళీ ఎక్కడుందో చూస్తే అయిదు సెకన్లలో తేలిపోతుంది.

ఇందులోనే ఇంకో పెడగాజీ విషయం దాగి ఉంది. పిల్లవాడు మూడో ఎక్కం చదివేటప్పుడు "మూడు రెళ్ళు, మూడు మూళ్ళు, మూడు నాలుగులు" అంటాడు. ఆ వాక్యం పంచడానికి నేరుగా సరిపోతుంది. "12లో ఎన్ని మూళ్ళు" అన్నప్పుడు కూడా అదే ఎక్కం వాడతాడు గానీ, అప్పుడు మూడు నాలుగులకీ నాలుగు మూళ్ళకీ విలువ ఒకటే అన్న సంగతి మీద ఆధారపడుతున్నాడు. అదే గుణకారపు స్థిత్యంతర ధర్మం. మూడు అడ్డు వరుసల్లో నాలుగేసి గింజలు పేర్చి, అదే పటాన్ని నిలువు వరుసలుగా చూపిస్తే పిల్లలకి అర్థమవుతుంది. "భాగహారం బోధించే ముందు ఏ పూర్వభావన అవసరం" అని బిట్టు వస్తే చాలామంది వ్యవకలనం దగ్గర ఆగిపోతారు. గింజల వరుసల పటం గుర్తుంటే గుణకారం కూడా అవసరమే అని తడుతుంది.

పిల్లవాడి చేతిపని చూసి అర్థం గుర్తించమనే బిట్లు తేలికగా కనిపించి తప్పుదోవ పట్టిస్తాయి. 15 చింతగింజలు ఇచ్చి 15 ÷ 5 చేయమన్నారు. ఒక పాప అయిదు వృత్తాలు గీసి ఒక్కో గింజ వేసుకుంటూ తిరిగింది. ఇంకో బాబు అయిదేసి గింజలు లెక్కపెట్టి కుప్పలు పెట్టాడు. ఇద్దరికీ 3 వచ్చింది. పాపకి జవాబు ఒక వృత్తం లోపల కనిపిస్తుంది. బాబుకి కుప్పల్ని లెక్కపెడితే కనిపిస్తుంది. పాప చేసింది పంచడం, బాబు చేసింది గుంపులు చేయడం. ఆప్షన్లలో "ఇద్దరిలో ఒకరికే భావన అర్థమైంది" అని ఒకటి ఇస్తే అది తప్పు.

ఇంకా త్వరగా తేల్చాలంటే ప్రమాణాలు చూడండి. భాజ్యానికీ భాజకానికీ ఒకే ప్రమాణం ఉంటే గుంపులు చేయడం: 12 లడ్డూలు, 3 లడ్డూలు. వేరు ప్రమాణాలుంటే పంచడం: 12 లడ్డూలు, 3 పిల్లలు. పంచినప్పుడు భాగఫలం, శేషం రెండూ లడ్డూలే. గుంపులు చేసినప్పుడు భాగఫలం మనుషుల లెక్క, శేషం లడ్డూల లెక్క. ఈ ఒక్క సంగతి మీద భిన్నాల భాగహారం మొత్తం నిలబడి ఉంది.

భిన్నాలకే వద్దాం. 1¾ ÷ ½ చేయమంటే అందరం తిరగేసి గుణించి 3½ అంటాం. దీనికి కథ రాయమంటే? చైనా, అమెరికా ఉపాధ్యాయుల్ని పోలుస్తూ గణిత విద్యా పరిశోధకురాలు లీపింగ్ మా చేసిన అధ్యయనం 1999లో వెలువడింది. అందులో అడిగిన లెక్క ఇదే. 23 మంది అమెరికా ఉపాధ్యాయుల్లో పలువురు ½తో భాగించే కథ అనుకుని 2తో భాగించే కథ చెప్పారు. "ఇద్దరికి సగం సగం పంచితే" అన్న మాటతోనే పొరపాటు జరిగిపోతుంది, అది 1¾ ÷ 2. మోడల్ పేపర్లలో మన తప్పు కూడా సరిగ్గా ఇక్కడే ఉంటుంది.

సరైన కథ ఇలా ఉండాలి. ఒకటిముప్పావు లీటరు పాలున్నాయి, అర లీటరు సీసాలు ఎన్ని నిండుతాయి? రెండు వైపులా లీటర్లే, కాబట్టి గుంపులు చేయడం. మూడు సీసాలు నిండి పావు లీటరు మిగులుతుంది. ఇక్కడ 3¼ అని జవాబు పెట్టేవాళ్ళు చాలామంది. మిగిలిన పాలు పావు లీటరు నిజమే, కానీ మనం లెక్కపెడుతున్నది సీసాలు. పావు లీటరు అంటే సగం సీసా, కాబట్టి 3½. శేషాన్ని భాగఫలంలోకి కలిపేటప్పుడు దాన్ని భాజకంతో పోల్చాలి: ¼ ÷ ½ = ½.

పంచే అర్థంలో కూడా భిన్న భాజకానికి కథ ఉంది, అది మన రోజువారీ బేరమే. ముప్పావు కిలో 150 రూపాయలైతే కిలో ఎంత? 150 ÷ ¾. ముప్పావులో మూడు పావులున్నాయి, కాబట్టి పావు కిలో 150 ÷ 3, అంటే 50. కిలోకి నాలుగు పావులు, కాబట్టి 50 × 4 = 200. మనం చేసిందేమిటి? 3తో భాగించి 4తో గుణించాం. అదే 4/3తో గుణించడం, తిరగేసి గుణించే సూత్రం ఎక్కణ్ణుంచి వచ్చిందో కళ్ళ ముందే ఉంది. "భిన్నాల భాగహారంలో విలోమంతో ఎందుకు గుణిస్తాం" అన్న బిట్టుకి ముందు ఒక భాగం విలువ కనుక్కుని దాన్నుంచి మిగతాది లెక్కకట్టే ఈ ఏకవస్తు పద్ధతే సమాధానం. ఈ సూత్రాన్ని తొమ్మిదో శతాబ్దంలోనే మహావీరాచార్యుడు గణితసారసంగ్రహంలో చెప్పాడు. ఆ గ్రంథాన్నే పావులూరి మల్లన పదకొండో శతాబ్దంలో తెలుగులోకి తెచ్చాడు. గణిత చరిత్ర చదివేటప్పుడు ఈ రెండు పేర్లూ కలిపి గుర్తుపెట్టుకోండి.

దశాంశాలకి పెద్దగా చెప్పేదేమీ లేదు. 6 ÷ 0.25 అంటే ఆరు రూపాయల్లో ఎన్ని పావలాలు. 24. "భాగిస్తే ఎప్పుడూ తగ్గుతుంది" అన్నది పిల్లల్లో బాగా పాతుకుపోయిన దురభిప్రాయం, దానికి మూలం పంచే అర్థమొక్కటే నేర్పడం. పంచితే ఎవరి వాటా అయినా మొత్తం కంటే తక్కువే కదా. ఎఫ్రైమ్ ఫిష్‌బైన్, అతని సహచరులు 1985లో ఇటలీ విద్యార్థులపై చేసిన పరిశోధన కూడా ఇదే చెబుతుంది: తొలిగా పడ్డ పంపకం నమూనా మనసులో ఉండిపోయి, భాజకం పూర్ణాంకమే ఉండాలి, భాజ్యం కంటే చిన్నదే ఉండాలి, జవాబు తగ్గాలి అన్న షరతులు పెడుతుంది.

ఒక్క పదం మీద ఇంత సమయమా, సిలబస్ ఎప్పుడు పూర్తవుతుంది అని కొందరు అడుగుతారు. ఇది వృథా కాదని గట్టిగానే చెబుతాను. సగటు అంటే మొత్తాన్ని సమానంగా పంచడం. కిలో ధర, గంటకి వేగం, ఏకవస్తు పద్ధతి అన్నీ పంచడమే. యూక్లిడ్ పద్ధతిలో గ.సా.భా. కనుక్కోవడం పదే పదే తీసేయడం. ఒక్క మాట సరిగ్గా కుదిరితే అయిదు అధ్యాయాలు తేలికవుతాయి. రోజుకి ఎన్ని గంటలు కూర్చున్నామన్నది లెక్క కాదు మిత్రులారా. తప్పయిన ప్రతి బిట్టు పక్కన "ఎందుకు తప్పయింది" అని ఒక్క వాక్యం మీ చేత్తో రాసుకోవాలి. "సిల్లీ మిస్టేక్" అని రాసుకుంటే అది మళ్ళీ వస్తుంది. "శేషాన్ని సీసాలతో పోల్చలేదు" అని రాసుకుంటే రాదు. అలసటగా ఉన్న రోజున కూడా ఈ పని మానకూడదు, దానికి క్రమశిక్షణ కావాలి. మెటీరియల్ మార్చినంత మాత్రాన అది రాదు.

ఇక శేషం సంగతి. అమెరికాలో 13 ఏళ్ళ పిల్లలకి పెట్టిన జాతీయ స్థాయి పరీక్షలో ఒక లెక్క ఉంది. 1128 మంది సైనికులు, బస్సుకి 36 మంది, ఎన్ని బస్సులు కావాలి? 1983లో వెలువడిన ఆ ఫలితాల్లో 29 శాతం మంది "31, శేషం 12" అని రాశారు, 32 అని రాసినవాళ్ళు 23 శాతమే. 36 × 31 = 1116, మిగిలిన 12 మందికీ బస్సు కావాలి. ఇదే 1128 ÷ 36 వేరే కథలో వేరే జవాబిస్తుంది. 1128 గుండీలుంటే, చొక్కాల కట్టకి 36 గుండీల చొప్పున ఎన్ని కట్టలకి సరిపోతాయి అంటే 31. 1128 రూపాయలు 36 మందికి పంచితే ఒక్కొక్కరికి 31 రూపాయల 33 పైసలు వచ్చి, ఇంకా 12 పైసలు మిగులుతాయి. బిట్టు చదివేటప్పుడు "కావాలి", "నిండుతాయి", "వాటా" అన్న మాటల కింద గీత గీసుకోండి.

దీర్ఘ భాగహారంలో 612 ÷ 6 = 12 అనే తప్పు ఎందుకొస్తుందో పెడగాజీలో తప్పక తెలిసి ఉండాలి. ఆ పద్ధతి పుట్టుకతో పంపకమే. ఆరు వంద నోట్లు, ఒక పది నోటు, రెండు రూపాయి బిళ్ళలు ఆరుగురికి పంచాలి. తలా ఒక వంద. పది నోటు ఒక్కటే, ఆరుగురికి రాదు, కాబట్టి పదుల స్థానంలో సున్నా. దాన్ని చిల్లర మారిస్తే మొత్తం 12 బిళ్ళలు, తలా రెండు. 102. మనం మాత్రం పైకి "ఒకటిలో ఆరు పోదు, పక్క అంకె దించు" అంటాం. చేసేది పంపకం, పలికేది గుంపుల భాష. ఆ భాషలో వందలు, పదులు వినిపించవు, అందుకే పిల్లవాడు సున్నా వేయడం మరిచిపోతాడు. నివారణ చర్య అడిగితే స్థాన విలువలు పలికిస్తూ నోట్లతో చేయించడమే సరైన ఆప్షన్, "ఎక్కువ లెక్కలు అభ్యాసం చేయించడం" కాదు.

సున్నాతో భాగహారానికి మళ్ళీ ఎక్కం వాక్యమే చాలు. "ఎన్ని సున్నాలు పన్నెండు?" ఎన్ని వేసినా రాదు, కాబట్టి 12 ÷ 0 నిర్వచితం కాదు. "ఎన్ని సున్నాలు సున్నా?" ఎన్ని వేసినా వస్తుంది, కాబట్టి 0 ÷ 0కి ఒక విలువంటూ నిర్ణయించలేం. 628లో బ్రహ్మగుప్తుడు 0 ÷ 0ని సున్నా అన్నాడు, మహావీరాచార్యుడు సున్నాతో భాగిస్తే సంఖ్య మారదన్నాడు, 1150లో భాస్కరాచార్యుడు సున్నా హారంగా ఉన్న రాశికి ఖహరం అని పేరుపెట్టాడు. జతపరచమని ఇస్తే ఈ మూడూ తారుమారు కాకుండా చూసుకోండి.

చివరగా ఒక కంటెంట్ బిట్టు. 1700ని 500తో భాగిస్తే శేషం ఎంత? రెండు వైపులా రెండేసి సున్నాలు కొట్టేసి 17 ÷ 5 చేస్తే భాగఫలం 3 సరిగ్గానే వస్తుంది, శేషం 2 అనిపిస్తుంది. ఆప్షన్లలో 2 తప్పకుండా ఉంటుంది. సున్నాలు కొట్టేయడమంటే రూపాయలు మానేసి వంద నోట్లు లెక్కపెట్టడం, కాబట్టి మిగిలింది రెండు వంద నోట్లు. 500 × 3 + 200 = 1700, శేషం 200.