థాంక్స్‌గివింగ్ స్టఫింగ్: గుడ్డు లేకుండా అయిదు పళ్ళేలు, అదే నడిమి ముద్ద

నవంబరు 16, ఆదివారం

మూడో పళ్ళెం స్టఫింగ్ కూడా చెడింది. ఎండు బ్రెడ్డు ముక్కల మీద బ్రాత్ (మరిగించి వడగట్టిన రసం) పోసి నానబెట్టి ఓవెన్‌లో కాల్చే వంటకం ఇది. పైన కరకరలాడే పొర చక్కగా వచ్చింది, అంచులు రస్కుల్లా బిగిశాయి, నట్టనడుమ మాత్రం అరచేయంత మేర సంకటిలాంటి ముద్ద మిగిలింది. రెండు వారాలుగా నేను ఏది మార్చినా ఈ ముద్ద తన చోటు వదలడం లేదు. టెక్సస్ రాష్ట్రం, ప్లేనోలోని మా వంటింట్లో ఇప్పటికి రెండు కిలోల బ్రెడ్డు దీనికి ఆహుతైంది.

ఈ ఏడాది అమెరికా వాళ్ళ థాంక్స్‌గివింగ్ పండుగ 27న వస్తోంది. స్నేహితుల ఇంట్లో అయిదు కుటుంబాలు కలుస్తున్నాం, స్టఫింగ్ నా వంతు. టర్కీ కోడి తినని వాళ్ళకు ఆ పూట బంగాళాదుంప ముద్ద, క్రాన్‌బెర్రీ సాస్ తప్ప వేరే గతి ఉండదు గనుక ఈ పని నేనే అడిగి తీసుకున్నాను. పక్షి కడుపులో కూరకుండా విడిగా పళ్ళెంలో కాల్చినదాన్ని ఈ దక్షిణాది రాష్ట్రాల్లో డ్రెస్సింగ్ అంటారని మా పక్కింటాయన రెండుసార్లు సరిదిద్దాడు. పక్షే లేనప్పుడు దేన్ని ఎందులో కూరుతున్నావన్న ఆయన ప్రశ్న న్యాయమైనదే గానీ, నాకు స్టఫింగ్ అన్న మాటే అలవాటైపోయింది.

మా ఇంట్లో గుడ్డు వాడం. అసలు చిక్కంతా అక్కడే మొదలవుతుంది. ఇక్కడి వాళ్ళ పద్ధతిలో బ్రాత్‌లో రెండు మూడు గుడ్లు గిలకొట్టి పోస్తారు, అవి 160 డిగ్రీల ఫారెన్‌హీట్ దగ్గర గట్టిపడి బ్రెడ్డు ముక్కల్ని ఒకదానితో ఒకటి పట్టి ఉంచుతాయి, తడిని కూడా తమలో ఉంచుకుంటాయి. గుడ్డు తీసేస్తే ఆ తడి భారమంతా బ్రెడ్డు ఒక్కటే మోయాలి, అది మోయలేక కూలబడుతోంది.

మొదటిసారి (2వ తేదీన) జరిగింది నా తెలివితక్కువతనమే. మామూలు శాండ్‌విచ్ బ్రెడ్డు ముక్కలు 680 గ్రాములు రాత్రంతా గట్టు మీద పరిచాను. పొద్దున పట్టుకుంటే గట్టిగా ఉన్నాయి కదా, ఎండాయనుకున్నాను. తూస్తే 618 గ్రాములున్నాయి. బ్రెడ్డు పాతబడి గట్టిపడడం వేరు, నీరు పోయి ఎండడం వేరు. మొదటిది లోపలి పిండిపదార్థం తిరిగి బిగుసుకోవడం వల్ల జరుగుతుంది, నీరు చాలావరకు లోపలే ఉండిపోతుంది. ఆ ముక్కల మీద బ్రాత్ పోయగానే మొత్తం చంటిపిల్లలకు పెట్టే గుజ్జులా అయిపోయింది.

రెండోసారి (8న) అవే 680 గ్రాములను 275 డిగ్రీల (ఇక్కడ డిగ్రీలన్నీ ఫారెన్‌హీటే) ఓవెన్‌లో 50 నిమిషాలు, మధ్యలో రెండుసార్లు తిరగేసి ఆరబెడితే 468 గ్రాములకు దిగాయి. అంటే దాదాపు మూడో వంతు బరువు నీరుగా పోయింది. వాటికి వెన్న 115 గ్రాములు, వేయించిన సెలరీ 200 గ్రాములు, బ్రాత్ మూడు కప్పులు (710 మిల్లీలీటర్లు) కలిపాను. గుడ్డు బదులు రెండు పెద్ద చెంచాల అవిసె పొడిని ఆరు చెంచాల నీటిలో నానబెట్టి వేశాను. 375 డిగ్రీల దగ్గర అల్యూమినియం ఫాయిల్ కప్పి అరగంట, తీసి పావుగంట కాల్చాను. నడుమ గరిటె పెట్టి లేపితే బెండకాయ కూరలో లాగా సన్నటి తీగ సాగింది. కేకుల్లో ఏమో గానీ ఇంత తడి ఉన్న వంటకంలో అవిసె గుడ్డుకు బదులు కాదని నా అభిప్రాయం, దాన్ని నెత్తికెత్తుకునే శాకాహార వంటల వాళ్ళు దీన్నొకసారి తిని చూడాలి.

నిన్నటి మూడోసారి అవిసె మానేశాను, ఫాయిల్ కూడా తీసేశాను. నా అనుమానం ఫాయిల్ మీదే ఉండేది, ఎందుకంటే రెండోసారి పళ్ళాన్ని ముందూ వెనకా తూస్తే 90 గ్రాముల నీరు మాత్రమే ఆవిరైంది. నిన్న కప్పకుండా 45 నిమిషాలు కాలిస్తే 210 గ్రాములు తగ్గింది. రెట్టింపు పైగా నీరు పోయినా ముద్ద అలాగే ఉంది! పచ్చిగా ఉండిపోయిందేమోనని కడ్డీ థర్మామీటరు గుచ్చితే నడుమ 198 డిగ్రీలు చూపింది. కాబట్టి కాలకపోవడం కారణం కాదు, మూత కారణం కాదు. ఒకే పళ్ళెంలో ఒక మూల రస్కు, ఇంకొక చోట సంకటి ఉన్నాయంటే తప్పు బ్రాత్ కొలతలో కాదు, అది చేరిన తీరులో ఉందేమో అనిపిస్తోంది.

ఈ మూడూ ఉల్లిపాయ లేకుండానే చేశాను. కార్తీకం 20వ తేదీ దాకా ఉంది, మా అత్తగారు తెనాలి నుంచి వచ్చి మా దగ్గరే ఉన్నారు. పోయినేడు పండుగ రోజే (నవంబరు 28) కార్తీకంలో పడడంతో అసలు స్టఫింగ్ ఊసే ఎత్తలేదు. నిన్నటి పళ్ళెం రుచి చూసి ఆవిడ, "బాగానే ఉంది బాబూ, బ్రెడ్డుప్మాకి కాస్త ఇంగువ పోపు పడి ఉంటే ఇంకా బాగుండేది" అన్నారు. నాకు నోట మాట రాలేదు.

ఆవిడ రుచి చూడడానికి ముందు ఇంకొక గండం గడిచింది. మెకార్మిక్ వాళ్ళ పౌల్ట్రీ సీజనింగ్ డబ్బా గట్టు మీద ఉంటే, పేరేమిటని అడిగి అర్థం తెలుసుకుని రెండడుగులు వెనక్కి వేశారు. కోడికి పూసేదే తప్ప అందులో కోడి లేదు, థైమ్, సేజ్, మార్జొరమ్, రోజ్‌మేరీ ఆకులు, మిరియాలు, జాజికాయ తప్ప మరేమీ లేవని జాబితా చదివి వినిపించాక శాంతించారు. నిజానికి చూసుకోవలసింది వూస్టర్‌షైర్ సాస్ లాంటి వాటిని. ఆ సాస్ చేసే లీ అండ్ పెరిన్స్ వాళ్ళ సీసాలో చేపలుంటాయని పేరును బట్టి ఎవరూ ఊహించరు.

నవంబరు 22, శనివారం

దొంగ సగం దొరికాడు. పట్టించింది పసుపు.

నిన్న పోలి పాడ్యమి అయిపోవడంతో ఉల్లిపాయ ఇంట్లోకి తిరిగి వచ్చింది, కనుక ఇవాళ అసలు పద్ధతిలో చేశాను. ముందు బ్రెడ్డు మార్చాను. శాండ్‌విచ్ బ్రెడ్డులో రంధ్రాలు సన్నగా, గోడలు మెత్తగా ఉంటాయి, తడి తగలగానే అణిగిపోతాయి. పుల్లపిండి బ్రెడ్డు, అదే సవర్‌డో, గోడలు దళసరిగా ఉండి నిలబడుతుంది. గ్లాసు బ్రాత్‌లో రెంటినీ చెరొక ముక్క వేసి చూస్తే నాలుగో నిమిషానికి మొదటిది చెంచాతో తాకగానే విడిపోయింది, రెండోది పదో నిమిషానికి కూడా మూలలు పోకుండా ఉంది. పెప్పరిడ్జ్ ఫార్మ్ వాళ్ళ ఎండు ముక్కల సంచులు చేతికి అందుబాటుగా ఉంటాయి, కాదనను, కానీ నాకు అవి మరీ చిన్నవి. ముప్పావు అంగుళం ముక్కైతే తప్ప లోపల మెత్తన, పైన కరకర అన్న తేడా నోటికి తెలియదు.

ఆరబెట్టాక 465 గ్రాములు వచ్చాయి. బ్రాత్ బాగా తగ్గించి రెండు కప్పులే (475 మిల్లీలీటర్లు) తీసుకున్నాను, దాదాపు బరువుకు బరువు. ఉల్లిపాయ తరుగు 400 గ్రాములు వెన్నలో నీరంతా ఇగిరేదాకా వేయించాను. గుడ్డు స్థానంలో మూడు పెద్ద చెంచాల శనగపిండి వేశాను, దాన్ని ముందు వెన్నలో కమ్మటి వాసన వచ్చేదాకా వేయించాలి. పచ్చిపిండి జారుగా కలిపి గిన్నెలో కొంచెం చేసి చూస్తే సేజ్ వాసనతో మిరపకాయ బజ్జీ తింటున్నట్టుంది, అలా చెయ్యవద్దు. ఇక బ్రాత్‌లో అర చెంచా పసుపు కలిపాను. రుచికి కాదు, అది ఎటు పోతోందో చూడడానికి.

పళ్ళెంలో ముక్కలు సర్ది, ఎప్పటిలాగే పైనుంచి బ్రాత్ పోసి, గరిటెతో నాలుగుసార్లు కలిపి, ఇరవై నిమిషాలు నానబెట్టాను. కాల్చేముందు తొమ్మిది చోట్ల నుంచి ఒక్కొక్క ముక్క తీసి కత్తితో రెండుగా కోశాను. నడుమ అడుగున ఉన్న ముక్క పిల్లల బొమ్మల్లోని సూర్యుడిలా నిండా పసుపు పచ్చన, పిండితే రసం కారింది. మూలల నుంచి తీసిన నాలుగింటికీ పైపైన పచ్చటి గీత మాత్రమే పడి లోపల తెల్లగా పొడిగా ఉన్నాయి. అంగుళం పక్కనున్నవి కొన్ని ఒక వైపు పచ్చగా, ఒక వైపు తెల్లగా, సగం పండిన మామిడిపండులా కనిపించాయి. ఎండిన బ్రెడ్డు దాహం మీద ఉంటుంది, బ్రాత్ ఎక్కడ ముందు తగిలితే అక్కడి ముక్కే మొత్తం తాగేస్తుంది, పక్కదానికి మిగల్చదు. నేను ప్రతిసారీ పోసింది నడుమనే. కలిపాననుకున్నది కలపడమే కాదన్నమాట, అప్పటికే తాగేసిన ముక్కను ఇటు నుంచి అటు జరిపాను, అంతే.

దాన్ని కాల్చి చూడడం అనవసరం అనిపించింది గానీ కాల్చాను, ముద్ద వచ్చింది. మధ్యాహ్నం సగం కొలతతో మళ్ళీ మొదలుపెట్టి, పళ్ళెంలో కాకుండా పెళ్ళిళ్ళలో పులిహోర కలిపే లాంటి వెడల్పు బేసిన్‌లో ముక్కలు వేసి, బ్రాత్‌ను మూడు విడతలుగా అంచుల వెంట చిలకరిస్తూ, విడతకూ విడతకూ అయిదు నిమిషాలు ఆగి, రెండు చేతులతో అడుగు నుంచి పైకి ఎగరేశాను. కోసి చూస్తే అన్నీ దాదాపు ఒకే లేత పసుపు రంగులో ఉన్నాయి. కాల్చాక ముద్ద లేదు. సగం కొలత, లోతు ఒకటిన్నర అంగుళం. పూర్తి కొలతలో లోతు రెండున్నర అవుతుంది కనుక అప్పుడే సంబరపడడం లేదు.

బ్రాత్ కుదిరింది: ఎండు షిటాకే పుట్టగొడుగులు 20 గ్రాములు, సెలరీ చివర్లు, ఉల్లి తొక్కలు, చెంచా సోయా సాస్, అరగంట మరిగించడం. నీటిలో కలిపితే బ్రాత్ అయ్యే బెటర్ దాన్ బుయాన్ వెజిటబుల్ బేస్ కూడా మంచిదే గానీ ఉప్పు ఎక్కువ, వాడితే సీసా మీద చెప్పినదానిలో సగమే వేసి వెన్న ఉప్పు లేనిది తీసుకోవాలి.

నవంబరు 28, శుక్రవారం

ఓవెన్‌లోంచి తీసినప్పుడు ముద్ద లేదు. నా మాట నమ్మండి. రెండు పళ్ళేలకు పంచి, లోతు ఒకటిన్నర అంగుళం మించనివ్వకుండా, పసుపు లేకుండా, బ్రాత్ మూడు విడతలుగా పోసి చేశాను. పెద్ద పళ్ళెం నడుమ నుంచి చెంచాడు తీసి ఇంట్లోనే తిన్నాను, ముక్క ముక్కగా, లోపల మెత్తగా, శనగపిండి ఎక్కడా బయటపడకుండా ఉంది. పుట్టగొడుగులు 450 గ్రాములు వేయిస్తే 190కి దిగాయి, అవి కూడా కలిశాయి.

తర్వాత ఫాయిల్ బిగించి, రెండు తువ్వాళ్ళు చుట్టి, కారులో 40 నిమిషాలు ప్రయాణించి, వాళ్ళింట్లో టర్కీ కోయడం ఆలస్యమై మరో 50 నిమిషాలు అలాగే ఉంచాం. ఫాయిల్ విప్పగానే దాని లోపలి వైపు నుంచి నీటిచుక్కలు వరసగా జారి పళ్ళెం నడుమకే పడ్డాయి. ఫాయిల్ బరువుకు నడుమ కుంగి ఉంటుంది కదా, ఆవిరంతా అక్కడికే చేరి అక్కడే కారింది. పైపొర తోలులా సాగింది, దాని కింద అరచేయంత మేర, మూడు వారాల నా పాత చుట్టం.

జనం తిన్నారు, రెండోసారి వడ్డించుకున్న వాళ్ళు కూడా ఉన్నారు. మాంసాహారులే ఎక్కువ తిన్నారని గమనించాను. అది కాదు నా బాధ. మూడో ప్రయత్నంలో నేను నిర్దోషిగా తేల్చి వదిలిపెట్టిన ఫాయిలే చివరికి దెబ్బ కొట్టింది. ఓవెన్‌లో కప్పితే పరవాలేదు, ఆవిరి పోవడానికి తర్వాత పావుగంట దొరుకుతుంది. కాల్చడం పూర్తయ్యాక కప్పితే దానికి దారి లేదు. ఇకమీదట ఇంట్లో ముప్పావు వంతు కాల్చి, పది నిమిషాలు విప్పి ఉంచి, పొడి గుడ్డ మాత్రమే కప్పి తీసుకెళ్ళి, అక్కడి ఓవెన్‌లో 400 డిగ్రీల దగ్గర మిగతా పన్నెండు నిమిషాలు కాల్చాలని అనుకుంటున్నాను. పండుగ పూట ఎవరింట్లోనైనా ఓవెన్ ఖాళీగా ఉంటుందా అన్నది వేరే సంగతి.

ఇవాళ పొద్దున మిగిలిన ముద్దను అత్తగారు అడగకుండానే తీసుకుని, నా లాడ్జ్ కంపెనీ ఇనుప పెనం సన్నటి సెగ మీద పెట్టి, నెయ్యి వేసి, రెండు అంగుళాల మందాన అదిమి, మూత పెట్టి పావుగంట వదిలేశారు. తిరగేస్తే అడుగు దిబ్బరొట్టెలా ఎర్రగా, గీకితే చప్పుడయ్యేంత గట్టిగా ఉంది, లోపలి మెత్తదనం తప్పులా కాకుండా ఉండవలసిన దానిలా అనిపించింది. "మినప్పిండి అయితేనేం, బ్రెడ్డయితేనేం బాబూ, అడుగు కాలితేనే రొట్టె" అన్నారు. గాజు పళ్ళెం అడుగు నెమ్మదిగా వేడెక్కుతుంది, పొయ్యి మీద ముందే కాల్చిన ఇనుము ముక్క తగిలిన క్షణం నుంచే నీటిని తరుముతుంది. పైనుంచి కింది దాకా ఒకే ముద్దగా ఉన్నదాన్ని ఓవెన్ పై సెగతో ఆరబెట్టాలని ఇన్నాళ్ళూ పడిన పాట్లు తలచుకుంటే నవ్వొచ్చింది.

కాబట్టి ఆరో ప్రయత్నం ఇనుప పెనంలోనే: పొయ్యి మీద అడుగు కాల్చడం ముందు, ఓవెన్ తర్వాత. వచ్చే ఏడాది థాంక్స్‌గివింగ్ నవంబరు 26న, కార్తీక పౌర్ణమి అయిన రెండు రోజులకే పడుతోంది, కనుక ఉల్లి లేని బ్రాత్ కూడా ఇప్పటినుంచే చూసుకోవాలి. సెలరీ రెట్టింపు చేసి, ఇంగువ నేతిలో వేసి, సేజ్ ఆకుల్ని కరివేపాకులా చిటపటలాడించి చూస్తాను, అత్తగారి పోపు మాట నెగ్గినట్టే. వచ్చే శనివారానికి సవర్‌డో ముక్కలు ఆరబెట్టి, 232 గ్రాములు తూచి, డబ్బాలో వేసి మూత పెట్టాను.