గుంజను కదిపి చూడటం

నిన్న సాయంత్రం రామాలయంలో ప్రవచనానికి వెళ్లాను. చెప్పిందే మళ్లీ చెబుతున్నారని విసుగొచ్చి, చెప్పులు విడిచిన వైపే చూస్తున్నాను. అంతలో పౌరాణికులు నవ్వి, "ఇది స్థూణానిఖనన న్యాయం నాయనా" అన్నారు. స్థూణ అంటే గుంజ, నిఖననం అంటే పాతడం. శంకరాచార్యుల బ్రహ్మసూత్ర భాష్యంలోనూ ఉన్న మాటే. సిద్ధాంతం మీద తామే ఆక్షేపణ లేవదీసి, సమాధానం చెప్పి, దాన్ని ఇంకా గట్టిపరచడం.

నాకు మా తాతయ్య పశువుల పాక గుర్తొచ్చింది. గుంజను గోతిలో దించి, మట్టి పోసి, గునపం మొద్దు కొసతో కూరేవాడు. తర్వాత రెండు చేతులతో పట్టి ఊపేవాడు. మొదలు దగ్గర సందు కనిపిస్తే మళ్లీ మట్టి, మళ్లీ కూరడం. పాతినదాన్ని తనే ఎందుకు కదుపుతాడో అప్పుడు నాకు అర్థం కాలేదు. ఆ గుంజ మాత్రం ఎన్నడూ కదల్లేదు. గేదే తాడు తెంపుకుని పోయేది.