పదేళ్ల తర్వాత అదే ప్రశ్న

శనివారం, రాత్రి

వారమంతా పేరుకుపోయిన బట్టలు ఇవాళ మధ్యాహ్నం ముందేసుకుని ఇస్త్రీ మొదలుపెట్టాను. ఇస్త్రీ చేస్తూ పాటలు వినడం ఎప్పటినుంచో ఉన్న అలవాటు. అమెరికా సంగీతకర్త, గాయని కరోల్ కింగ్ పాటలు పెడితే ఫోను ముందుగా షిరెల్స్ బృందం పాడినది ఎత్తుకుంది, ‘విల్ యూ లవ్ మీ టుమారో’. 1960లో వచ్చిన పాట. నలుగురు అమ్మాయిలు, వెనకాల వయొలిన్లు, చకచకా సాగిపోయే నడక. మరో రెండు పాటలయ్యాక మళ్లీ అదే పాట, ఈసారి కరోల్ కింగ్ గొంతులో. ఎన్నిసార్లు విన్నానో లెక్కలేదు గానీ, రెండూ ఇంత దగ్గర దగ్గరగా ఎప్పుడూ వినలేదు. పెట్టె పక్కన పెట్టేసి నిలబడిపోయాను.

బట్టలు మడతపెడుతున్న మా అమ్మాయి తలెత్తింది. “ఇందాకటి పాటే కదమ్మా ఇది?”

“అదే.”

“మరి ఇంత దిగులుగా ఉందేంటి?”

దానికి జవాబు చెప్పాలంటే కరోల్ కింగ్ జీవితం సగం చెప్పాల్సి వచ్చింది.

బ్రూక్లిన్‌లో పెరిగిన పిల్ల. నాన్న అగ్నిమాపక దళంలో, అమ్మ టీచరు. పియానో మీద తొలి పాఠాలు చెప్పింది ఆ అమ్మే. కాలేజీలో గెర్రీ గాఫిన్ పరిచయమయ్యాడు. పదిహేడేళ్లకు పెళ్లి, పద్దెనిమిదేళ్లకు చంకలో బిడ్డ. అతను పగలు కెమిస్టు ఉద్యోగం, రాత్రిళ్లు పాటలకు మాటలు. బాణీలు ఆవిడవి. షిరెల్స్ కోసం పాట కావాలని కబురు వస్తే, బాణీ కట్టి టేపు రికార్డరులో వదిలి ఆవిడ బయటికెళ్లిందట. అతను ఇంటికొచ్చి, ఆ టేపు విని, మాటలు రాశాడట. ఈ రాత్రి చూపిస్తున్న ప్రేమ తెల్లారాక కూడా ఉంటుందా అని ఒక అమ్మాయి అడిగే మాటలు. రాసింది ఇరవై ఒక్కేళ్ల కుర్రాడు! 1961 జనవరిలో ఆ పాట అమెరికాలో మొదటి స్థానానికి వెళ్లింది. నల్లజాతి అమ్మాయిల బృందం ఒకటి అంత పైకి చేరడం అదే మొదలు. దాంతో అతను ఉద్యోగం మానేశాడు.

ఆ తర్వాత ఏళ్ల తరబడి న్యూయార్క్ బ్రాడ్‌వేలో పాటల పని. ఇరుకు గదులు, ఒక్కో గదిలో ఒక పియానో, గోడకవతల ఇంకో జంట కట్టే బాణీ ఇవతలికి వినిపించేది. ఇంట్లో పిల్లను చూసుకునే అమ్మాయి లిటిల్ ఈవా పేరుతో 1962లో పాడిన ‘ది లోకో-మోషన్’ కూడా మొదటి స్థానానికి వెళ్లింది. 1967లో గాయని అరెథా ఫ్రాంక్లిన్‌కి ‘నేచురల్ ఉమన్’ ఇచ్చారు. కరోల్ గొంతు మాత్రం చాలావరకు డెమోల్లోనే ఉండిపోయింది. పాట ఎలా ఉంటుందో గాయకులకు తెలియడానికి పాడి పంపే నమూనా అది. గాయకులు నేర్చుకున్నాక దాంతో ఎవరికీ పనుండదు. నాకు మనసు చివుక్కుమనేది ఇక్కడే. దేశమంతా పాడుకుంటున్న పాటలు మొదట ఆ గొంతులోనే పలికాయి, బయట విన్నవాళ్లే లేరు.

1968లో కరోల్, గాఫిన్ విడిపోయారు. ఇద్దరు కూతుళ్లను తీసుకుని ఆవిడ లాస్ ఏంజెలెస్‌లోని లారెల్ కాన్యన్‌కు వెళ్లిపోయింది. స్టేజీ అంటే బెరుకు. గాయకుడు జేమ్స్ టేలర్ లాంటి స్నేహితులు నీ పాటలు నువ్వే పాడమని వెంటపడ్డారు. 1971 ఫిబ్రవరిలో ఆవిడే పాడిన ఆల్బమ్ ‘టేపెస్ట్రీ’ వచ్చింది. ఇందాక రెండోసారి విన్న పాట అందులోదే.

మేమిద్దరం ఆ పాట మళ్లీ పెట్టుకుని విన్నాం. వేగం బాగా తగ్గించేసింది. పియానో ఒక్కో మెట్టూ ఆచితూచి దిగుతున్నట్టుంటుంది. వెనక టేలర్, జోని మిచెల్ తోడుగా పాడతారు, చాలా మెత్తగా. షిరెల్స్ అడిగినప్పుడు అవతలివాడు అవునంటాడన్న ఆశ ఆ నడకలోనే ఉంది. ఈవిడ అడిగేటప్పటికి జవాబు ఏమిటో ఆవిడకి తెలుసు. ఇరవై ఎనిమిదేళ్లు, విడాకులు, ఇద్దరు పిల్లలు. ఆ మాటలు రాసింది విడిపోయిన ఆ భర్తే. అయినా ఆ మాటలే పాడింది. కొంచెం బొంగురు గొంతు, పై స్వరాలకు వెళ్తే సన్నబడుతుంది. గొప్ప గాయని కాదనేవాళ్లున్నారు. ఆ పాటను ఇంతకంటే నిజంగా పాడినవాళ్లు లేరని నేనంటాను.

మా అమ్మాయి ఏమీ అనలేదు. ఓ చొక్కా మడతపెట్టి, విప్పి, మళ్లీ మడతపెట్టింది.

ఆ ఆల్బమ్ 15 వారాలు మొదటి స్థానంలో నిలిచింది, నాలుగు గ్రామీలు వచ్చాయి. అవార్డులిచ్చిన రాత్రి ఆవిడ అక్కడికి వెళ్లలేదు, పసిబిడ్డతో ఇంట్లోనే ఉండిపోయింది. ఈ సంగతి చెబితే మాత్రం పిల్ల నవ్వింది.

భోజనాలయ్యాక 2015 నాటి కెనెడీ సెంటర్ సన్మానం వీడియో చూపించాను. సన్మానం కరోల్ కింగ్‌కి, ఆవిడ పైన బాల్కనీలో కూర్చుంది. కింద స్టేజీ మీదికి అరెథా ఫ్రాంక్లిన్ పొడవాటి బొచ్చుకోటుతో వచ్చి, తనే పియానో ముందు కూర్చుని, ‘నేచురల్ ఉమన్’ ఎత్తుకుంది. మాటలు రాసిన గాఫిన్ అప్పటికి లేడు, 2014లోనే పోయాడు. పాట మధ్యలో లేచి నిలబడి, కోటు జారవిడిచేసి, ఆ గొంతుతో హాలంతా నింపేసింది అరెథా. పైనున్న కరోల్ కింగ్ చేతులు తలకు పట్టుకుని, పిచ్చి సంతోషంతో, తన పాటకు తనే పెదవులు కదుపుతోంది.

అక్కడ ఆపమంది మా అమ్మాయి. ఆపాను. చాలాసేపు ఆ ముఖమే చూస్తూ కూర్చున్నాం.