1189 అధ్యాయాలు, 52 వారాలు: ఉద్యోగం చేస్తూ బైబిలు పూర్తిచేసిన లెక్క

జనవరి 1న ఆదికాండము మొదలుపెట్టి ఫిబ్రవరిలో ఆపేసేవాళ్లు ప్రతి సంఘంలోనూ ఉంటారు. రెండేళ్లు నేనూ అంతే. భక్తి సంగతి పక్కనపెడితే, ముందు లెక్కే తప్పు. రోజుకు మూడు చొప్పున ఏడాదికి 1095 అధ్యాయాలు అవుతాయి, బైబిల్లో ఉన్నవి 1189. పైగా వారంలో ఏడు రోజులూ చదవాలనుకుంటే ఒక్క రోజు తప్పినా అప్పు పడ్డట్టే.

ఈసారి రెండు నిబంధనల్నీ విడదీశాను. కొత్త నిబంధన 260: సోమ నుంచి శుక్ర దాకా రోజుకొకటి, 52 వారాలకు సరిగ్గా సరి. పాత నిబంధన 929: సోమ నుంచి శని దాకా రోజుకు మూడు. మొత్తం 936 అవుతాయి కాబట్టి ఏడు మిగులు. ఆదివారం ఖాళీ. సోమవారమే మొదలుపెట్టాలి. బయటికి చదివితే నాలుగు అధ్యాయాలకు నాకు ఇరవై నిమిషాలు పట్టింది, అదీ పొద్దున ఫోన్ ముట్టుకోకముందు. యాప్‌లో చదివితే రెండో అధ్యాయం మధ్యలో ఆఫీసు గ్రూపు మోగుతుంది. క్యాబ్‌లో ఆడియో రూతు, సమూయేలు లాంటి కథలకు చాలు; పౌలు లేఖ అయిన రోమా పత్రికకు చాలదు, వెనక్కి తిప్పి చూసుకోవాలి.

ఆది, నిర్గమకాండాలు కలిపి 90, అంటే ఐదు వారాలు. ఆరో వారం లేవీయకాండము, బలుల నియమాల పుస్తకం. బండి ఆగేది ఇక్కడే. 16వ అధ్యాయం రోజున కొత్త నిబంధనలోని హెబ్రీయులకు 9, 10 కూడా తీస్తే, యాజకుడు గుడారంలో తెర లోపలికి రక్తం ఎందుకు తీసుకెళ్తాడో తెలుస్తుంది. సంఖ్యాకాండము 7లో పన్నెండుమంది ప్రధానులు అవే కానుకలు పన్నెండుసార్లు తెస్తారు, 89 వచనాలు. 1 దినవృత్తాంతములు మొదటి తొమ్మిది అధ్యాయాలు దాదాపు పేర్ల పట్టీయే. అక్కడ గొంతుకు సెలవు, కళ్లతో చదివితే చాలు.

భాష ఇంకో అడ్డు. ఎఫెసీయులకు 1:14లో 'సంచకరువు' అంటే స్థలం కొనేటప్పుడు ముందిచ్చే బయానా. అది తెలియకపోతే పరిశుద్ధాత్మ గురించి అంత గట్టి మాట చేజారిపోతుంది. ఇలాంటివి అట్ట లోపల రాసుకుని వారానికోసారి సంఘపెద్ద ఒకాయనకు ఫోన్ చేసేవాణ్ణి. ఎంతవరకు వచ్చావని ఆయన అడగరు. ఈ వారం వాక్యం ఆఫీసులో ఎక్కడ అడ్డొచ్చిందంటారు. లేవీయ 19:36 న్యాయమైన త్రాసుల గురించి. చేయని గంటను టైమ్‌షీట్‌లో రాయబోయేవాడికి అది అడ్డమే.

మూడు రోజులు తప్పితే పన్నెండు అధ్యాయాలు ఒక్కపూటలో లాగాలనుకుంటాం. నాలుగో రోజూ పోతుంది. కాబట్టి ఆ రోజు వంతు ఆ రోజే చదివి, తప్పినవి ఒక కాగితం మీద వేశాను. 120 నుంచి 134 దాకా యాత్రకీర్తనలు చిన్నవి. ఆ ఐదారు రోజుల్లో కాగితం సగం ఖాళీ అయింది.

చివరి వారం జెకర్యా 8 నుంచి మలాకీ 4 దాకా పదకొండే. గురువారంతో పాత నిబంధన, శుక్రవారం ప్రకటన 22తో కొత్త నిబంధన ముగిశాయి. శనివారం కాగితం మీద మిగిలినవి చదివాను.