అడితి లెక్కలో జనరల్ షెర్మన్

మా తాతగారు రాజమహేంద్రవరంలో ఒక కలప అడితిలో చాలా ఏళ్లు గుమాస్తాగా పనిచేశారు. టేకు దుంగ దిగగానే దాని నడిమికి టేపు చుట్టి, చుట్టుకొలతలో నాలుగో వంతు తీసి, దానిని దానితోనే గుణించి, వచ్చిన దానిని పొడవుతో హెచ్చించి, తేలిన ఘనపుటడుగులను దుంగ మొదలు మీద సుద్దముక్కతో రాసేవారు. ఈ పద్ధతిలో అసలు కలపలో ఐదో వంతుకు కొంచెం పైగా లెక్కలోకి రాదు. కోతలో పోయే చెక్కబెరడూ రంపపు పొట్టూ కొన్నవారి నెత్తిన పడకుండా ఆ మేరకు వదిలేస్తారని ఆయన చెప్పేవారు. ఆయన పోయాక ఆ టేపు నా దగ్గరకు వచ్చింది.

ప్రపంచంలోకెల్లా పెద్దదని పేరుపడిన జనరల్ షెర్మన్ చెట్టు కొలతలు చూసినప్పుడు, దానిని తాతగారి లెక్కలో వేసి చూడాలనిపించింది. జెయింట్ సెకోయా జాతికి చెందిన ఆ చెట్టు అమెరికాలో, కాలిఫోర్నియాలోని సెకోయా నేషనల్ పార్కులో ఉంది. దాని ఎత్తు 275 అడుగులు. పెద్ద చెట్టంటే కొబ్బరిచెట్టులా పొడుగ్గా ఎదిగినదని అనుకునే మా కోనసీమ వాళ్లకు ఇక్కడే పొరపాటు జరుగుతుంది. ఎత్తులో దానిని మించినవి ఉన్నాయి; అదే రాష్ట్రంలో కోస్తా రెడ్‌వుడ్ జాతికి చెందిన హైపీరియన్ 380 అడుగులకు చేరింది. షెర్మన్‌కు ఆ పేరు తెచ్చింది మానులో ఉన్న కలప.

నేల దగ్గర దాని చుట్టుకొలత 102.6 అడుగులు. ఆ అంకెతోనే లెక్క కడితే లక్షా ఎనభై వేల ఘనపుటడుగులు దాటింది. తాతగారు ఉంటే టేపు నా చేతిలోంచి లాక్కునేవారు, ఎందుకంటే ఏ మానుకైనా మొదలు ఉబ్బి ఉంటుంది, అక్కడ కొలిచిన లెక్క చెల్లదు. అరవై అడుగుల ఎత్తుకు వెళ్లేసరికి షెర్మన్ అడ్డుకొలత (వ్యాసం) 17.5 అడుగులకు తగ్గుతుంది. అసలు విశేషం ఆ పైన ఉంది: 180 అడుగుల ఎత్తులో కూడా అది ఇంకా 14 అడుగులు! మూడు కొబ్బరిచెట్లను ఒకదాని మీద ఒకటి నిలబెట్టినంత ఎత్తులో, మా వంటగది కంటే వెడల్పైన మాను అన్నమాట. ఈ రెండు అడ్డుకొలతలను బట్టి నడిమి అడ్డుకొలత పదిహేను అడుగులకు కాస్త పైన అనుకుని, అక్కడి చుట్టుకొలతను సుమారు 48 అడుగులుగా తీసుకున్నాను. నాలుగో వంతు పన్నెండు, పన్నెండు పన్నెండ్లు నూట నలభై నాలుగు, దానిని 275తో హెచ్చిస్తే 39,600. అడితి వదిలేసే భాగాన్ని తిరిగి కలిపితే యాభై వేలు పైచిలుకు వచ్చింది. పార్కు వారు చెప్పే అంకె దాదాపు 52,500. తేడా బహుశా ఆ ఉబ్బిన మొదలుది కావచ్చు. ముప్పై అయిదు ఘనపుటడుగుల టేకు దుంగ ఒక మోస్తరు దుంగ అనుకుంటే, ఈ ఒక్క మానులో అలాంటివి పదిహేను వందలు ఉంటాయి.

ఈ లెక్కలో కొమ్మలు లేవు. మొదటి పెద్ద కొమ్మే 130 అడుగుల ఎత్తున ఉంది. 2006 జనవరిలో దాని అతి పెద్ద కొమ్మ విరిగిపడి, చుట్టూ ఉన్న కంచెలో కొంత భాగాన్ని నుగ్గు చేసింది. దాని మందం ఆరడుగుల పైన, పొడవు వంద అడుగులకు అటూ ఇటూ, అంటే మా పెరట్లోని ఏ కొబ్బరిచెట్టు కంటే కూడా ఎక్కువే. అయినా నీడ విషయంలో మాత్రం షెర్మన్‌ను నేను ఒప్పుకోను. దాని కొమ్మల గొడుగు వెడల్పు సగటున 106 అడుగులే. కొవ్వూరు దగ్గర కుమారదేవంలో గోదావరి గట్టున ఉండి, 2024 ఆగస్టులో కూలిపోయిన నిద్రగన్నేరు కింద ఒక్కసారైనా కూర్చున్నవారు నా పక్షాన నిలుస్తారు.

ఇంతకూ ఈ కలపను అడితిలో ఎవరూ కొనరు. సెకోయా మాను పెళుసు. పందొమ్మిదో శతాబ్దంలో ఇలాంటి చెట్లను నరికినప్పుడు చాలా కలప నేలకు తగలగానే ముక్కలైపోయింది. మిగిలినదానిలో ఎక్కువ భాగం కంచె గుంజలకూ, ఇంటి పైకప్పు పెంకుచెక్కలకూ పోయింది. పెళుసు కలప వస్తే తాతగారు టేపు కూడా తీసేవారు కాదు, దుంగను కాలితో ఒకసారి తన్ని చప్పుడు విని, పక్కన వంటచెరకు కుప్ప వైపు చెయ్యి చూపించేవారు.