కిరీటం దక్కని కోర్చ్నోయ్

నా దగ్గర చెస్ నేర్చుకునే పిల్లలు ప్రపంచ ఛాంపియన్ల పేర్లు గడగడా అప్పజెప్పేస్తారు. స్టైనిట్స్‌తో మొదలుపెట్టి గుకేశ్ దాకా ఆగరు. ఆ వరసలో విక్టర్ కోర్చ్నోయ్ ఉండడు కాబట్టి ఆయనెవరో వాళ్లకి తెలీదు. ఆ వరసలో ఉన్న కొందరి కెరీర్ కన్నా ఈయనదే పెద్దదని నా గట్టి అభిప్రాయం. ఒప్పుకోని మిత్రులున్నారు, వాళ్లతో వాదన ఎప్పటికీ తెగదు. అందుకే ఇక్కడ రాసి పెడుతున్నా.

ముందు ఒక్క సంగతి చూడండి. బోట్విన్నిక్, స్మిస్లోవ్, తాల్, పెట్రోస్యాన్, స్పాస్కీ, ఫిషర్, కార్పోవ్, కాస్పరోవ్. వరసగా ఎనిమిది మంది ప్రపంచ ఛాంపియన్లు. వీళ్లలో ప్రతి ఒక్కరినీ కోర్చ్నోయ్ ఎప్పుడో ఒకప్పుడు ఓడించాడు. చాలదన్నట్టు 2004లో, తర్వాత ప్రపంచ ఛాంపియన్ అయిన కార్ల్‌సన్‌ని కూడా, అతనికి పద్నాలుగేళ్లప్పుడు. బోట్విన్నిక్ పుట్టింది 1911లో, కార్ల్‌సన్ పుట్టింది 1990లో. ఆ ఇద్దరికీ మధ్య ఉన్న కాలమంతా ఈ మనిషి బోర్డు ముందే కూర్చున్నాడు.

పుట్టింది 1931లో, లెనిన్‌గ్రాడ్‌లో. యుద్ధంలో తండ్రి పోయాడు, ఊరిని జర్మన్లు ముట్టడించి ఆకలితో మాడ్చిన రోజుల్లో ఎలాగో బతికి బయటపడ్డాడు. 1956లో గ్రాండ్‌మాస్టర్. సోవియట్ ఛాంపియన్‌షిప్ నాలుగుసార్లు గెలిచాడు. ఆ రోజుల్లో ఆ టోర్నమెంట్ గెలవడం బయటి దేశాల్లో పెద్ద టోర్నమెంట్ గెలవడం కన్నా కష్టం.

దురదృష్టం 1974లో పట్టుకుంది. క్యాండిడేట్స్ ఫైనల్‌లో కార్పోవ్‌తో 24 గేములు. అందులో 19 డ్రాలు. మిగిలిన వాటిలో కార్పోవ్‌వి మూడు, ఈయనవి రెండు. క్యాండిడేట్స్ అంటే ఛాంపియన్‌ని సవాలు చేసేదెవరో తేల్చే పోటీ, కాబట్టి అప్పటికది అప్పటి ఛాంపియన్ ఫిషర్‌తో ఎవరు తలపడాలో తేల్చే మ్యాచ్ మాత్రమే. మరుసటేడు ఫిషర్ ఆడనని భీష్మించుకోవడంతో కార్పోవ్ ఒక్క ఎత్తు కూడా వేయకుండానే ఛాంపియన్ అయిపోయాడు. కోర్చ్నోయ్‌కి, కిరీటానికి మధ్య తేడా ఆ ఒక్క గేమే.

1976లో ఆమ్‌స్టర్‌డామ్‌లో టోర్నమెంట్ ఆడి, ఇక స్వదేశానికి వెళ్లనని అక్కడే ఆశ్రయం కోరాడు. భార్య, కొడుకు సోవియట్ యూనియన్‌లోనే చిక్కుకుపోయారు. సైన్యంలో చేరలేదని తర్వాత ఆ కొడుకుని జైల్లో పెట్టారు. కోర్చ్నోయ్ ఆడే టోర్నమెంట్లకి సోవియట్ ఆటగాళ్లు రావడం మానేశారు. అయితే క్యాండిడేట్స్ మ్యాచ్‌లు తప్పించుకునే వీల్లేదు కదా! అక్కడ వరసబెట్టి పెట్రోస్యాన్, పోలుగయేవ్‌స్కీ, స్పాస్కీ ముగ్గుర్నీ ఓడించి కార్పోవ్ ముందుకొచ్చి కూర్చున్నాడు.

1978, ఫిలిప్పీన్స్‌లోని బాగ్యో. ఆరు గేములు ముందు గెలిచినవాడిదే టైటిల్, డ్రాలకి లెక్క లేదు. ఈ మ్యాచ్ గురించి ఎక్కడ చదివినా ఆట కన్నా తమాషాలే ఎక్కువ కనిపిస్తాయి. కార్పోవ్‌కి ఆట మధ్యలో పెరుగు అందిస్తే అది రహస్య సంకేతం కావచ్చని ఫిర్యాదు. కోర్చ్నోయ్ కుర్చీకి ఎక్స్‌రే. ప్రేక్షకుల్లో కూర్చుని కోర్చ్నోయ్‌నే గుడ్లప్పగించి చూసే సోవియట్ మనస్తత్వ శాస్త్రవేత్త. దానికి జవాబుగా ఈయన అద్దాల్లా మెరిసే కళ్లజోడు పెట్టుకోవడం, ధ్యానం నేర్పడానికి ఆనందమార్గ్ అనే ఆధ్యాత్మిక సంస్థ వాళ్లని ఇద్దరిని తెచ్చుకోవడం. నవ్వుకోవడానికి బాగానే ఉంటాయి. నాకు మాత్రం అయిదో గేమ్, పదిహేడో గేమ్ ముఖ్యం.

అయిదో గేమ్‌లో కార్పోవ్ రాజుకి ఆటకట్టు చేతికి అందింది. కోర్చ్నోయ్ చూడలేదు. ఆట 124 ఎత్తుల దాకా సాగి స్టేల్‌మేట్‌తో, అంటే చెక్ లేకపోయినా వేయడానికి ఎత్తే మిగలని స్థితితో, డ్రా అయింది.

పదిహేడో గేమ్ ఇంకా ఘోరం. మంచి పొజిషన్ చేతిలో ఉండి టైమ్ అయిపోవస్తోంది. 40వ ఎత్తు దాటితే గడియారంలో మళ్లీ టైమ్ వస్తుంది. 39వ ఎత్తులో తన తెల్ల ఏనుగుని ఏ1కి జరిపాడు. వెంటనే కార్పోవ్ నల్ల గుర్రం ఎఫ్3లోకి దూకి చెక్ చెప్పింది. ఆ గుర్రాన్ని బంటుతో కొడితే జీ వరస తెరుచుకుంటుంది, నల్ల ఏనుగు జీ6 నుంచి చెక్, రాజు మూలకి పోతే రెండో గుర్రం ఎఫ్2లో ఆటకట్టు. కొట్టకుండా రాజు నేరుగా మూలకి పోయినా అదే రెండో గుర్రం, అదే ఆటకట్టు. అక్కడితో రిజైన్ చేశాడు. ఈ పొజిషన్ నేను బోర్డు మీద పెట్టినప్పుడల్లా పిల్లలు ముందు తెల్లవైపే బాగుందంటారు. గుర్రం దూకాక ఎవరూ మాట్లాడరు.

27 గేములు అయ్యేసరికి కార్పోవ్ 5, కోర్చ్నోయ్ 2. ఇక ముగిసిందనుకున్నారు అందరూ. 28వ గేమ్ కోర్చ్నోయ్ గెలిచాడు. 29 గెలిచాడు. 30 డ్రా. 31 గెలిచాడు. అయిదుకి అయిదు! 32వ గేమ్‌లో కార్పోవ్ గెలిచి టైటిల్ నిలబెట్టుకున్నాడు. 1981లో మెరానోలో మళ్లీ తలపడ్డారు గానీ అప్పుడు పోటీ ఏకపక్షమే, కార్పోవ్ 6-2.

మంచివాడని చెప్పను. ఓడితే ఎదుటివాడి ఆటని తిట్టిపోసే అలవాటుంది, పిల్లల్ని కూడా వదిలేవాడు కాదంటారు. కానీ 1983లో కాస్పరోవ్ పాసడీనాకి రాకపోవడంతో క్యాండిడేట్స్ సెమీఫైనల్ ఆడకుండానే ఈయనదని ప్రకటిస్తే, ఆ గెలుపు పట్టుకుని కూర్చోలేదు. లండన్‌లో ఆడటానికి ఒప్పుకున్నాడు. ఆడాడు, ఓడాడు. నేనైతే ఒప్పుకునేవాడినా అంటే, ఏమో.

నన్ను అన్నిటికన్నా ఆశ్చర్యపరిచేది ఆ తర్వాతి కథ. ఈ ఆటలో నలభై దాటితే లెక్కల్లో వేగం తగ్గుతుంది, అయిదో గంటలో కళ్లు మోసం చేస్తాయి. ఈయన 2007 జనవరిలో, 75 ఏళ్ల వయసులో, ప్రపంచ ర్యాంకింగ్‌లో 85వ స్థానంలో ఉన్నాడు. అంత వయసులో మొదటి వందలో ఇంకెవరూ లేరు. 2011లో జిబ్రాల్టర్‌లో, 79 ఏళ్లప్పుడు, నల్లపావులతో యువ గ్రాండ్‌మాస్టర్ కరువానాని ఓడించాడు. కరువానాకి అప్పుడు 18, ఆట బలాన్ని కొలిచే రేటింగ్ అప్పటికే 2700 దాటింది, అది ప్రపంచపు అగ్రశ్రేణి వాళ్ల స్థాయి. అదే ఏడు ఎనభై ఏళ్ల వయసులో, తను స్థిరపడిన స్విట్జర్లాండ్‌కి జాతీయ ఛాంపియన్ అయ్యాడు. పక్షవాతం వచ్చాక కూడా మానలేదు. 2015లో జ్యూరిక్‌లో వీల్‌చైర్‌లో కూర్చుని పాత ప్రత్యర్థి ఉల్‌మన్‌తో నాలుగు ర్యాపిడ్ (తక్కువ టైమ్‌లో ముగిసే) గేములు ఆడి 2-2తో సమం చేశాడు. మరుసటేడు పోయాడు.

ఆయన గేములు చూద్దామనుకునేవాళ్లు కరువానా గేమ్‌తో మొదలుపెట్టకండి, అది తర్వాత చూడొచ్చు. బాగ్యో 31వ గేమ్ పెట్టుకోండి. ఏనుగుల ఎండ్‌గేమ్ (పావులు చాలావరకు పోయాక మిగిలే చివరి దశ), 71 ఎత్తులు. ఎత్తులు లెక్కగట్టి చెప్పే కంప్యూటర్ ఇంజిన్ ఆపేసి, ప్రతి ఎత్తుకీ ముందు మీరేం వేస్తారో కాగితం మీద రాసుకుని తర్వాతి ఎత్తు తిప్పండి. ఓపిక కావాలి, ఒక సాయంత్రం పడుతుంది.