తుంగ గడ్డలూ, సైన్సు మాస్టారూ

మన బడి పాత విద్యార్థుల సమ్మేళనం సంచికకి ఏదో ఒకటి రాయమని కమిటీ వాళ్లు వదలకుండా ఫోన్లు చేస్తున్నారు. బడిగంట మాయమైన సంగతి, పార్లమెంటు బెంచీ సంగతి మన క్లాసు సోడాబుడ్డి ఎలాగూ రాస్తాడు. నేను తోటపని పీరియడు గురించే రాస్తాను.

మీ అందరికీ అది ఇంకో ఆటల పీరియడు. నాకు మాత్రం సైన్సు మాస్టారు ఎప్పుడూ ఆ మూలే అప్పజెప్పేవారు, నిండా తుంగ కలుపే. నేను పైపైన పీకి కుప్ప వేస్తుంటే ఓసారి పక్కన గొంతుకూర్చుని, "పైన పీకితే ఏం పోతుందిరా, అసలుది కింద ఉంది" అంటూ నా చేతిలో బొరిగె తీసుకున్నారు. మట్టి కదిపి, వేరులాంటి సన్నటి కాడని వేలితో పట్టుకుని మెల్లగా దాని వెంటే వెళ్లారు. ఒక నల్లటి గడ్డ, కాస్త అవతల ఇంకోటి, దాని వెనక ఇంకోటి. మధ్యలో తెగితే అప్పటిదాకా నిద్రపోతున్న గడ్డ కూడా మొలకేస్తుందట. అందుకే నేల తడి ఆరకముందే, నిదానంగా తీయాలన్నారు. ఇంతలో ఓ వానపాము తెగింది. రెండు ముక్కలూ బతుకుతాయనేది ఉత్తమాటేననీ, తోక ముక్క బతకదనీ, డార్విన్ అంతటివాడు 1881లో వీటి మీదే ఒక పుస్తకం వేశాడనీ చెప్పారు. పరీక్షలో మాత్రం ఒక్క ముక్కా రాలేదు!

పది పాసయ్యాక మీరంతా తలో ఊరూ పట్టుకుపోయారు, నేను పొలం పట్టుకున్నాను. "రోజంతా ఒక్కడివే, ఏం తోస్తుందిరా?" అని గ్రూపులో అడుగుతుంటారు. గట్టు చెక్కేటప్పుడు పార పడిన చప్పుడుని బట్టి లోపల ఎలుక బొక్క ఉందో లేదో తెలిసిపోతుంది. పక్కన కబుర్లు చెప్పే మనిషుంటే అది వినపడదు. ఇక మడవ తిప్పి చేనికి నీళ్లు పెట్టి కూర్చుంటే, అవి చివరి మడికి చేరేదాకా చేసే పనీ ఉండదు, లేచిపోవడానికీ లేదు. మీ మీటింగుల టెన్షన్ వింటే నాకు నవ్వొస్తుంది, కోపం తెచ్చుకోకండి.

కలుపు మందు కొట్టకుండానే మా చేలో తుంగ చాలావరకు తగ్గింది. మా అమ్మాయి ఇప్పుడు వ్యవసాయ కాలేజీలో చదువుతోంది. క్లాసులో తుంగ పాఠం చెబితే, ఇదంతా చిన్నప్పుడే విన్నాను కదా అనుకుందట. మాస్టారికి ఈ మాట నేనే చెప్పాలి, కాబట్టి సమ్మేళనానికి ఆయన్ని కారులో తీసుకొచ్చే పని నాకివ్వండి. డ్రిల్లు మాస్టారిని సోడాబుడ్డి తెచ్చుకుంటాడు. వాళ్లిద్దరి లెక్క ఇంకా తేలలేదు కదా.